స్టెఫనీ షర్లీ: ఇంటిపట్టున సాగిన ప్రోగ్రామింగ్ వృత్తి, పంచి ఇచ్చిన సంపద

కంప్యూటరు ఏ పనిని ఏ వరుసలో చేయాలో చెప్పే ఆదేశాల సముదాయాన్ని ప్రోగ్రాము అనీ, అలాంటి ప్రోగ్రాములన్నిటినీ కలిపి సాఫ్ట్‌వేర్ అనీ ఇవాళ బడిపిల్లలు సైతం చెప్పగలరు గాని, 1960ల ఆరంభంలో సాఫ్ట్‌వేర్‌కు విడిగా వెలకట్టి అమ్మవచ్చునన్న ఊహే వ్యాపార లోకానికి కొత్త. యంత్రాన్ని తయారుచేసిన కంపెనీయే ప్రోగ్రాములను కూడా యంత్రం ధరలో కలిపి ఇచ్చేది. ఆ రెండు ధరలను వేరుచేస్తున్నట్లు అమెరికాలో ఐబీఎం ప్రకటించింది 1969లో. అంతకు ఏడేళ్ళ ముందే, 1962లో, ఇంగ్లండ్‌లో ఇరవైతొమ్మిదేళ్ళయినా పూర్తిగా నిండీ నిండని ఒక స్త్రీ ఆరు పౌన్ల పెట్టుబడితో, తన ఇంటి భోజనాల బల్ల మీద, ఫ్రీలాన్స్ ప్రోగ్రామర్స్ అనే సంస్థను మొదలుపెట్టింది. ఫ్రీలాన్స్ అంటే ఒకరి దగ్గర నెలజీతానికి కుదురుకోకుండా, ఒప్పుకున్న పనికి ఒప్పుకున్న సొమ్ము తీసుకుని పనిచేయడం. అమ్మబోయే సరుకుకు మార్కెట్టు లేదు. పనిచేయబోయేవారు పిల్లల తల్లులై ఉద్యోగాలు వదిలేసిన ఆడవాళ్ళు. పని జరగబోయేది వాళ్ళ ఇళ్ళలో. ఈ మూడింటినీ ఒకచోట చేర్చి నిలబెట్టిన ఆ స్త్రీ పేరు స్టెఫనీ షర్లీ. తరువాతి కాలంలో ఆమె బ్రిటన్‌లో పేరెన్నికగన్న దాతలలో ఒకరైంది కనుక ఆమె జీవితాన్ని ముందు సంపాదన, పిమ్మట దానం అన్న రెండు అంకాలుగా చెప్పడం వాడుక. ఆ విభజన వాస్తవానికి సరిపోదు. ఆమె పంచిపెట్టడం కంపెనీ నడుస్తున్న రోజుల్లోనే, కంపెనీతోనే మొదలైంది.

బ్రిటన్‌లో కంప్యూటర్ వృత్తికీ స్త్రీలకూ ఉన్న సంబంధం ఎలక్ట్రానిక్ యంత్రాలకంటే పాతది. కంప్యూటర్ అన్న మాట మొదట మనిషికి పెట్టిన పేరు. ఖగోళ గణితంలో, నౌకాయాన పట్టికల తయారీలో, కాగితం పెన్సిలుతో లెక్కలు కట్టే గుమాస్తాను అలా పిలిచేవారు, ఆ గుమాస్తాలలో ఆడవాళ్ళు చాలామంది ఉండేవారు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో జర్మన్ల రహస్య సందేశాలను ఛేదించడానికి టామీ ఫ్లవర్స్ అనే ఇంజనీరు, లండన్ వాయవ్య భాగమైన డాలిస్ హిల్‌లోని తపాలా శాఖ పరిశోధన కేంద్రంలో కొలోసస్ అనే ఎలక్ట్రానిక్ యంత్రాన్ని తయారుచేయగా, 1944 నుంచి బ్లెచ్లీ పార్క్‌లో దాన్ని నడిపినవారు నౌకాదళ మహిళా విభాగానికి చెందిన యువతులే. ఆ యంత్రాల సంగతి యుద్ధానంతరం మూడు దశాబ్దాల పాటు రహస్యంగా ఉండిపోవడంతో వాటిని నడిపిన యువతుల పని కూడా చరిత్రకు ఎక్కకుండా పోయింది. 1950లలో ప్రోగ్రాము రాయడం గుమాస్తా పనిలో ఒక రకంగానే లెక్కకు వచ్చేది కాబట్టి ఆడవాళ్ళను చేర్చుకోవడానికి పెద్దగా అభ్యంతరం ఉండేది కాదు. కాని పెళ్ళైన స్త్రీ, ముఖ్యంగా తొలి కాన్పు అయిన స్త్రీ, ఉద్యోగం మానేయడం ఆచారం. ప్రభుత్వోద్యోగంలో ఉన్న స్త్రీ పెళ్ళి చేసుకుంటే రాజీనామా చేయాలన్న నిబంధన 1946లో రద్దైనా, దాని వెనుక ఉన్న భావన రద్దు కాలేదు. తర్ఫీదు పొందిన ప్రోగ్రామర్లు ఇలా ఏటేటా వంటింటికి చేరుతుంటే, కంప్యూటర్లు కొన్న సంస్థలు మరోపక్క ప్రోగ్రామర్లు దొరక్క అవస్థపడుతుండేవి. ఈ రెండు సంగతులనూ కలిపి చూడగలిగింది షర్లీ.

ఆమె అసలు పేరు వేరా బుక్తాల్. జన్మస్థలం జర్మనీలోని డార్ట్‌మండ్, తేదీ 1933 సెప్టెంబర్ 16, అంటే హిట్లర్ అధికారంలోకి వచ్చిన ఏడు. తండ్రి ఆర్నాల్డ్ బుక్తాల్ న్యాయమూర్తి. యూదుడైన కారణంగా నాజీలు ఆయనను పదవి నుంచి తొలగించారు. తల్లి యూదురాలు కాదు, వియన్నాకు చెందినది. కుటుంబం చివరికి వియన్నా చేరింది గాని, 1938లో ఆస్ట్రియా కూడా నాజీల వశమయ్యాక అక్కడా నిలువ నీడ లేకపోయింది. 1938 నవంబర్ 9, 10 తేదీల రాత్రి యూదుల ఇళ్ళ మీద, దుకాణాల మీద, ప్రార్థనాలయాల మీద జరిగిన దాడుల తరువాత, తల్లిదండ్రులు తోడులేని పిల్లలను తాత్కాలికంగా తీసుకోవడానికి బ్రిటన్ అంగీకరించింది; తిరుగు ప్రయాణం ఖర్చు కింద ఒక్కొక్క బిడ్డకు 50 పౌన్ల పూచీ చూపాలన్నది షరతు. ఆ డిసెంబరు నుంచి 1939 సెప్టెంబరులో యుద్ధం మొదలయ్యేదాకా దాదాపు పదివేల మంది పిల్లలను తరలించిన ఈ ఏర్పాటుకు కిండర్‌ట్రాన్స్‌పోర్ట్ అని పేరు. జర్మన్ భాషలో దానికి పిల్లల రవాణా అని అర్థం. సరుకులకు వాడే మాటను పిల్లలకు వాడవలసి వచ్చిందంటేనే ఆ కాలం ఎటువంటిదో తెలుస్తుంది. ఇంకా ఆరేళ్ళు నిండని వేరా, తొమ్మిదేళ్ళ అక్క రెనాటే, 1939 జూలైలో వియన్నాలో అలాంటి రైలు ఎక్కి, మెడలో అంకె వేసిన చీటీలతో లండన్‌లోని లివర్‌పూల్ స్ట్రీట్ స్టేషనులో దిగారు.

మిడ్‌లాండ్స్ ప్రాంతంలోని సటన్ కోల్డ్‌ఫీల్డ్‌కు చెందిన గై స్మిత్, రూబీ స్మిత్ దంపతులు అక్కచెల్లెళ్ళనిద్దరినీ పెంచడానికి తీసుకున్నారు. తల్లిదండ్రులు ప్రాణాలతో బయటపడి తరువాత పిల్లలను కలుసుకున్నారు గాని, తెగిన అనుబంధం మళ్ళీ అతుక్కోలేదు. పెంచినవారే ఆమెకు అమ్మానాన్నలయ్యారు. పుట్టిన దేశం తనను చంపదలచిందనీ, ముక్కూమొహం తెలియనివారి దయవల్ల బతికి బట్టకట్టాననీ చిన్ననాడే గ్రహించిన ఈమె, దక్కిన ఆ బతుకును సార్థకం చేసుకోవాలన్న పట్టుదలను కడదాకా విడువలేదు. దాతగా తన ప్రవర్తనకు కారణం చెప్పవలసి వచ్చినప్పుడల్లా ఆ రైలు ప్రయాణం దగ్గరే మొదలుపెట్టేది. చదువులో ఆమెకు లెక్కల మీద మక్కువ. వేల్స్ సరిహద్దున ఆస్వెస్ట్రీలోని ఆడపిల్లల హైస్కూలులో ఆమె స్థాయికి తగిన గణితం చెప్పేవారు లేక, ప్రత్యేక అనుమతి మీద పక్కనున్న మగపిల్లల బడికి పోయి నేర్చుకుంది. పద్దెనిమిదో ఏట బ్రిటిష్ పౌరసత్వం పొందినప్పుడు వేరా బుక్తాల్ అన్న పేరు వదిలి స్టెఫనీ బ్రూక్ అన్న పేరు పెట్టుకుంది. ఆడపిల్లకు అందుబాటులో ఉన్న విజ్ఞాన శాస్త్రం వృక్షశాస్త్రం ఒక్కటే అని తెలిశాక విశ్వవిద్యాలయం ఆలోచన మానుకుని, 1950ల ఆరంభంలో ఆమె ఉద్యోగానికి చేరిన చోటు ఆ డాలిస్ హిల్ పరిశోధన కేంద్రమే.

అక్కడ కంప్యూటర్లను మొదటినుంచీ చేతులతో నిర్మించేవారు. ప్రోగ్రాములను యంత్రభాషలో, అంటే యంత్రం నేరుగా గ్రహించే అంకెల రూపంలో రాసేవారు. ప్రభుత్వ పొదుపు బాండ్ల లాటరీకి గెలుపు సంఖ్యలను యాదృచ్ఛికంగా తీసిపెట్టే ఎర్నీ అనే యంత్రం 1950ల రెండో భాగంలో రూపుదిద్దుకున్నది కూడా ఆ ఆవరణలోనే. ఆమె పగలు ఉద్యోగం చేస్తూ, సాయంకాలం తరగతులకు పోతూ ఆరేళ్ళు శ్రమించి గణితంలో ఆనర్స్ పట్టా సాధించింది. 1959లో భౌతిక శాస్త్రజ్ఞుడైన డెరెక్ షర్లీని పెళ్ళాడి, ఐసీటీ 1301 అనే కంప్యూటరును రూపొందిస్తున్న ఒక చిన్న కంపెనీకి మారింది. ప్రోగ్రామర్‌గా ఆమె తెలివిని అందరూ మెచ్చుకున్నా, ధరలూ అమ్మకాలూ వంటి విషయాల్లో నోరు మెదిపితే అది నీ పని కాదన్న సమాధానమే దొరికేది. స్త్రీలు ఒక మెట్టు దాకా ఎక్కగలిగి, పై మెట్టు కళ్ళెదుట ఉన్నా అందుకోలేకపోయే ఈ స్థితికి గాజు పైకప్పు అన్న పేరు తరువాతి కాలంలో వచ్చింది. పేరు రాకముందే ఆమె దానికి తల తగిలించుకుని, రాజీనామా ఇచ్చి బయటికి వచ్చింది.

ఆమె పెట్టిన సంస్థకు మొదట్లో కచేరీ లేదు, యంత్రం లేదు, జీతగాళ్ళు లేరు. పనిమంతులై ఉండి ఇంటికే పరిమితమైన స్త్రీలను వెతికి, వారి వీలుకు తగిన వేళల్లో పని ఇప్పించడం ఆమె సంకల్పం. పని ఇప్పించడానికి ముందు పని దొరకాలి గనుక ఆమె కంపెనీలకు ఉత్తరాలు రాయసాగింది. స్టెఫనీ అన్న సంతకంతో పోయిన ఉత్తరాలకు జవాబులు రాలేదు. భర్త సలహా మీద స్టీవ్ షర్లీ అని సంతకం చేసిన తరువాత పిలుపులు రావడం మొదలైంది; ఆమె గుమ్మంలో అడుగుపెట్టాక గాని రావలసిన మనిషి స్త్రీ అని ఎదుటివారికి తెలిసేది కాదు. వేరా, స్టెఫనీ, స్టీవ్ అని ముప్పై ఏళ్ళలో మూడు పేర్లు మార్చుకోవలసి రావడంలో వలసవచ్చిన మనిషి చరిత్ర ఎంత ఉందో, వ్యాపారంలో దిగిన ఆడదాని చరిత్ర కూడా అంత ఉంది. ఆ రోజుల్లో భర్త అనుమతి లేకుండా ఆమె తన పేర బ్యాంకు ఖాతా తెరవడం కూడా సాధ్యం కాలేదు. స్టీవ్ అన్న పేరు మాత్రం ఆమెకు జీవితాంతం నిలిచిపోయింది, ఆప్తులు ఆమెను ఆ పేరుతోనే పిలిచేవారు. సంస్థ 1964లో లిమిటెడ్ కంపెనీ అయింది.

ఇంటి నుంచి ప్రోగ్రాము రాయడం ఆనాడు ఎలా సాధ్యపడిందో దగ్గరగా చూస్తే ఈ వృత్తి స్వభావం బోధపడుతుంది. ఇవాళ ప్రోగ్రామర్ కంప్యూటరు లేకుండా ఒక్క పూట గడపలేడు. 1960లలో ప్రోగ్రామర్ పనిలో అధిక భాగం కాగితం మీదనే సాగేది. ముందు సమస్యను అర్థం చేసుకుని, ఏ సందర్భంలో ఏ దారి పట్టాలో చూపే గళ్ళూ బాణాల బొమ్మను గీసేవారు. దీనికి ఫ్లోచార్టు అని పేరు. తరువాత ఆదేశాలను కోడింగ్ షీటు మీద, గడికి ఒక్క అక్షరం చొప్పున, పెన్సిలుతో, పెద్ద అక్షరాల్లో రాసేవారు. సున్నాను చూసి ఆంగ్లాక్షరం ఓ అని పొరబడకుండా రెంటిలో ఒకదానికి అడ్డగీత పెట్టడం వంటి జాగ్రత్తలు తప్పనిసరి. ఆ షీట్లు తపాలాలో పోతే, మరొకచోట వాటిని చూస్తూ కార్డులకో కాగితపు టేపుకో రంధ్రాలు పొడిచేవారు. ఆ రంధ్రాల కట్టను యంత్రం ఖాళీగా ఉన్న వేళ అందులో నడిపి, వచ్చిన ఫలితాన్ని అచ్చువేసి, మళ్ళీ తపాలాలో ఇంటికి పంపేవారు. ఒక్క తప్పు దొర్లితే దిద్దడానికి రోజులు పట్టేది కనుక షీటును పంపకముందే వరుస వరుసా వేలుపెట్టి చదువుతూ, యంత్రం చేసే పనిని మనసులో చేసి చూసుకోవలసి వచ్చేది. పిల్లవాడు నిద్రపోయిన గంటలోనో, బడికి పోయిన పూటలోనో ఏకాగ్రతతో చేయదగిన పని ఇది. కావలసింది బల్ల, పెన్సిలు, టెలిఫోను, చెదరని బుద్ధి. కచేరీలో కూర్చుంటేనే పని జరుగుతుందన్న నమ్మకానికి ఈ వృత్తిలో ఆధారం లేదని షర్లీ ముందుగా గుర్తించింది. 2020లో మహమ్మారి వచ్చి హైదరాబాదు సాఫ్ట్‌వేర్ కచేరీలు ఖాళీ అయినప్పుడు, కడప నుంచీ కరీంనగరం నుంచీ కన్నవారి ఇళ్ళలో కూర్చుని పనిచేసిన వేలాది యువతీయువకులకు కొత్తగా తోచిన పద్ధతి అంతకు యాభై ఎనిమిదేళ్ళ పూర్వమే, ఇంటర్నెట్టు మాట అటుంచి ఇంట్లో కంప్యూటరే లేని రోజుల్లో, తపాలా బిళ్ళల మీద నడిచింది.

అయితే చెల్లాచెదురుగా ఉన్న మనుషులతో పని చేయించడానికి కట్టుదిట్టమైన పద్ధతులు కావాలి. షర్లీ గంటల లెక్కన కాక పని మొత్తానికి ఒక ధర చెప్పి ఒప్పుకునేది. అంచనా తప్పితే నష్టం తనదే గనుక, పనిని చిన్న ముక్కలుగా విడదీయడం, ఒక్కొక్క ముక్కకు పట్టే సమయాన్ని ముందుగా లెక్కగట్టడం, ఒకరు రాసింది మరొకరు తనిఖీ చేయడం, ప్రతిదానికీ రాతపూర్వకమైన వివరణ ఉంచడం ఆ సంస్థలో నియమాలయ్యాయి. ఎదురెదురుగా కూర్చుని చెప్పుకునే వీలు లేకపోవడం వల్ల పుట్టిన ఈ రాతకోతల క్రమశిక్షణ ఎంత పటిష్ఠంగా ఉండేదంటే, ఆ సంస్థ ప్రమాణాలను కాలక్రమంలో నాటో సైనిక కూటమి స్వీకరించింది. ఇంటి చప్పుళ్ళు ఫోనులో వినబడి ఖాతాదారు చులకనగా చూస్తాడేమోనన్న బెంగతో, టైపు మిషను టకటకలను టేపు మీద ఎక్కించి, ఫోను మోగినప్పుడు వెనకాల వినిపించేది. పసివాడి ఏడుపును గుమాస్తాల హడావిడితో కప్పిపుచ్చవలసి రావడం ఆమె చేతకానితనం కాదు, ఆనాటి వ్యాపార సమాజపు అసలు రంగు. రైల్వే సరుకు బండ్ల రాకపోకల పట్టికలు, బస్సుల వేళలు, గిడ్డంగుల నిల్వల లెక్కలు ఆ ఇళ్ళలో తయారైనవే. అన్నిటికంటే చెప్పుకోదగ్గది కాంకర్డ్ విమానం పని. ధ్వని వేగాన్ని మించి ఎగిరే ఆ ప్రయాణికుల విమానంలో, ప్రయాణ వివరాలను క్షణక్షణం నమోదు చేసి, ప్రమాదం జరిగితే కారణం కనుక్కోవడానికి పనికివచ్చే బ్లాక్ బాక్స్ అనే పరికరానికి ప్రోగ్రాములు రాసినవారు ఈ స్త్రీలే. ఆ బృందానికి నాయకత్వం వహించిన ఆన్ మాఫట్ చంటిబిడ్డను పక్కన పెట్టుకుని ఇంట్లోనే ఆ పని నడిపింది.

మొదటి మూడువందల మంది సిబ్బందిలో మగవారు ముగ్గురే. 1975లో బ్రిటన్ పార్లమెంటు స్త్రీపురుష వివక్షను నిషేధిస్తూ చట్టం చేయగానే, స్త్రీలకే పని ఇవ్వాలన్న ఈ సంస్థ విధానం చట్టవిరుద్ధమైంది. ఆడవాళ్ళ మేలు కోరి వచ్చిన చట్టం ఆడవాళ్ళ సంస్థ తలుపులు మగవారికి తెరిపించింది. షర్లీ దాన్ని పాటించి, పిల్లల పెంపకం భారం ఉన్నవారికి ప్రాధాన్యం అన్న మాటను స్త్రీ పురుషులిద్దరికీ వర్తింపజేసింది. అప్పటికి సంస్థ పేరు ఎఫ్ ఇంటర్నేషనల్ అయింది. 1970ల ఆరంభంలో వచ్చిన ఆర్థిక మాంద్యంలో పనులు తగ్గి సంస్థ మూతపడే స్థితికి వచ్చి ఎలాగో గట్టెక్కింది. ఆ కష్టం కంటే పెద్ద కష్టం అదే కాలంలో ఆమె ఇంట్లో ఉంది.

ఆమె ఏకైక కుమారుడు జైల్స్ 1963లో పుట్టాడు. అందరు పిల్లల్లాగే ఎదుగుతూ వచ్చిన బిడ్డ రెండున్నరేళ్ళ వయసులో వచ్చిన మాటలు కూడా పోగొట్టుకున్నాడు. మాట, తోటివారితో మెలగడం, ఇంద్రియాలకు తోచే అనుభవం సాధారణానికి భిన్నంగా ఉండే ఈ స్థితిని ఆటిజం అంటారు. అమెరికాలో లియో కానర్ 1943లో దీన్ని వర్ణించాడు గాని, 1960లలో చాలామంది వైద్యులకు ఆ మాటే తెలియదు, తెలిసినవారిలో కొందరు తల్లి ప్రేమ చూపకపోవడమే దీనికి కారణమని నమ్మేవారు. ఉద్యోగం చేసే తల్లి మీద ఆ నింద ఎంత బరువుగా పడి ఉంటుందో వేరే చెప్పనక్కరలేదు. పైగా ఇలాంటి పిల్లలు చదువుకు పనికిరారని తేల్చి బడుల నుంచి మినహాయించే అధికారం స్థానిక సంస్థలకు ఉండేది. ఇంగ్లండ్, వేల్స్‌లలో ఆ మినహాయింపును తొలగించిన చట్టం 1970లో వచ్చింది. కౌమారంలో జైల్స్‌కు మూర్ఛలు కూడా తోడై, అదుపు చేయడం తల్లిదండ్రుల శక్తికి మించిపోవడంతో, అతణ్ణి మానసిక వైకల్యం ఉన్నవారి కోసం నడిపే పెద్ద ఆస్పత్రిలో చేర్చవలసి వచ్చింది. పదేళ్ళకు పైగా అతని బతుకు అక్కడే గడిచింది. కంపెనీని, బిడ్డను ఒంటిచేత్తో మోయలేక షర్లీ కూడా మానసికంగా కుప్పకూలి చికిత్స పొందవలసి వచ్చింది. ఇంటికే పరిమితమైన తల్లులకు పని చూపిన స్త్రీకి, తన బిడ్డకు పనికివచ్చే సంస్థ ఒక్కటీ దేశంలో కనబడకపోవడం ఆమె జీవితంలోని తీరని శోకం; ఆమె ఆ తరువాత కట్టిన ప్రతి సంస్థకూ పునాది అది.

దానానికి వస్తే, ఆమె మొదట ఇచ్చింది డబ్బు కాదు, యాజమాన్యం. కంపెనీ విలువను పుట్టించినవారు అందులో పనిచేసేవారే కాబట్టి అది వారికి చెందాలన్నది ఆమె అభిప్రాయం. చెప్పడానికి సులువైన ఈ మాటను అమలు చేయడం చట్టరీత్యా, పన్నురీత్యా చిక్కు. ఉద్యోగుల తరఫున వాటాలను ఉంచుకునే ట్రస్టును ఏర్పరచి, తన సొంత వాటాలో నుంచి తీసి, మరెవరికీ ఖర్చు లేకుండా కంపెనీలో నాలుగో వంతును సిబ్బంది చేతికి చేర్చడానికి ఆమెకు పదకొండేళ్ళు పట్టింది. 1985 నుంచి కంపెనీ నిర్వహణను హిలరీ క్రాపర్ అనే సమర్థురాలికి అప్పగించింది. 1991లో ఉద్యోగులు మరిన్ని వాటాలు కొనడంతో అదుపు వారి చేతికి వచ్చింది. 1993లో అరవై ఏళ్ళు నిండగానే షర్లీ విరమించుకుంది. 1996లో కంపెనీ వాటాలు లండన్ షేర్ మార్కెట్టుకు ఎక్కినప్పుడు సిబ్బందిలో డెబ్భై మంది లక్షాధికారులయ్యారు, పౌన్ల లెక్కలో పది లక్షలకు పైబడి. దాతల చరిత్రలో ఈ డెబ్భై మంది ఎక్కడా లెక్కకు రారు. ధర్మసంస్థ రసీదు లేని ఇవ్వడాన్ని గుర్తించే అలవాటు చరిత్రకారులకు తక్కువ. షర్లీ జీవితాన్ని తూచేటప్పుడు తక్కిన దానాల సరసన దీన్ని ఉంచడం న్యాయం, బహుశా పై వరుసలోనే ఉంచాలి, ఎందుకంటే మిగిలిన దానాలు సంపద చేతికి వచ్చాక ఇచ్చినవి, ఇది వస్తుందో రాదో తెలియనప్పుడు ఇచ్చింది.

కంపెనీ తరువాతి చరిత్ర భారతదేశంతో ముడిపడింది. 1990ల చివర నోయిడాలోని ఒక సాఫ్ట్‌వేర్ సంస్థను చేర్చుకుని, 2001లో జాన్సా అని పేరు మార్చుకుని, నోయిడా, పుణె, చెన్నై కేంద్రాల్లో వేలాది మంది భారతీయ ఇంజనీర్లతో పనిచేసింది. 2007లో ఫ్రాన్స్‌కు చెందిన స్టెరియా దాన్ని కొనడంతో విడి సంస్థగా దాని ఉనికి ముగిసింది. వాటాల ధర ఉచ్చస్థితిలో ఉన్నప్పుడు షర్లీ ఆస్తి 15 కోట్ల పౌన్లని అంచనా. శతాబ్ది మొదట్లో టెక్నాలజీ వాటాలు పతనమైనప్పుడు అందులో పెద్ద భాగం ఆవిరైంది. పోయినదాన్ని గురించి ఆమె చింత ఒక్కటే, ఇచ్చేసి ఉంటే నిలిచేది గదా అని. ఇచ్చినది సుమారు 7 కోట్ల పౌన్లు.

ఆ సొమ్ములో ఎక్కువ పాలు ఆటిజానికి పోయింది. ఆటిజం ఉన్న వయోజనులు ఆస్పత్రి వార్డుల్లో కాక మామూలు వీధుల్లో, మామూలు ఇళ్ళలో, తగిన సాయంతో బతకడానికి కింగ్‌వుడ్ ట్రస్టును ఆమె నెలకొల్పింది. ఆస్పత్రి నుంచి బయటికి వచ్చిన జైల్స్ అందులో తొలి నివాసి. 1998లో, ముప్పై అయిదేళ్ళ వయసులో, మూర్ఛ వచ్చి అతను మరణించాడు. ఆ మరుసటి ఏడు బెర్క్‌షైర్‌లో న్యూబరీ పట్టణ సమీపాన ప్రయర్స్ కోర్ట్ అనే ఆవాస పాఠశాల తెరుచుకుంది. తీవ్రమైన ఆటిజం ఉండి, మాట తక్కువగా ఉన్న పిల్లల కోసం నడిచే ఈ బడికి విశాలమైన పచ్చిక మైదానాలు, చెట్లు ఉన్న పాత భవంతిని ఎంచుకోవడం వెనుక ఆలోచన ఉంది: ఇరుకు గదులూ, గోలగోలగా ఉండే నడవలూ ఇలాంటి పిల్లలను కలవరపెడతాయి, ఖాళీ స్థలం వారిని కుదుటపరుస్తుంది. తాను పోగుచేసుకున్న చిత్రాల్లో, శిల్పాల్లో కొన్నిటిని షర్లీ ఆ బడికి ఇచ్చింది. విలువైన కళాఖండాలను పిల్లలు పాడుచేస్తారన్న భయంతో తాళం వేసిన గదుల్లో పెట్టక, వారు నడిచే దారుల్లోనే ఉంచారు. మాటలు రాని బిడ్డ ఒక రంగు ముందు ఆగి చూస్తూ నిలబడితే, ఆ నిలబడడమే ఒక సంభాషణ అని ఎరిగిన తల్లి ఆలోచన అది. మూడో సంస్థ ఆటిస్టికా. చికిత్సలూ సేవలూ ఊహల మీద కాక శాస్త్రీయ ఆధారాల మీద నిలబడాలని, ఆటిజం పరిశోధనకు ధనం సమకూర్చడం దాని పని. ఆటిజం ఉన్నవారు మూర్ఛ మొదలైన కారణాల వల్ల సగటు వయసు కంటే చాలా ముందుగా మరణిస్తున్నారన్న సంగతిని జనం దృష్టికి తేవడంలో ఆ సంస్థ చేసిన కృషికీ, ముప్పై అయిదేళ్ళకే పోయిన జైల్స్‌కూ ఉన్న సంబంధం చెప్పకనే తెలుస్తుంది.

తన వృత్తికి కూడా ఆమె బాకీ తీర్చుకుంది. బ్రిటిష్ కంప్యూటర్ సొసైటీకి 1989లో తొలి మహిళా అధ్యక్షురాలైన ఈమె, 2001లో ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో ఇంటర్నెట్ ఇన్‌స్టిట్యూట్ ఏర్పాటుకు కోటి పౌన్లు ఇచ్చింది. ఇంటర్నెట్టు యంత్ర నిర్మాణాన్ని కాక, అది సమాజాన్నీ చట్టాన్నీ ఆర్థిక వ్యవస్థనూ ఎలా మారుస్తుందో అధ్యయనం చేయడం ఆ సంస్థ ప్రత్యేకత. సోషల్ మీడియా జనబాహుళ్యంలోకి రాకముందే అలాంటి అధ్యయనం అవసరమవుతుందని ఊహించడం ఆమె దూరదృష్టికి నిదర్శనం. 2000లో డేమ్ అనే బిరుదు, 2017లో రాణి పరిమిత సంఖ్యలోనే ఇచ్చే కంపానియన్ ఆఫ్ ఆనర్ గౌరవం ఆమెకు దక్కాయి; 2009లో బ్రిటన్ ప్రభుత్వం ఆమెను దాతృత్వ రాయబారిగా నియమించింది.

ఆమె ఇచ్చే తీరును గురించి ఒక మాట విడిగా చెప్పాలి. మూలధనాన్ని కదల్చకుండా దాచి, దాని వడ్డీతో సత్కార్యాలు నడపడాన్ని శాశ్వత నిధి అంటారు. మన గుళ్ళలో దీపారాధనకూ సత్రాల్లో అన్నదానానికీ పూర్వులు ఇచ్చిన మాన్యాల నుంచి అమెరికా కుబేరుల ఫౌండేషన్ల దాకా దాతలు సాధారణంగా ఎంచుకునే దారి ఇది, దాత పేరు చిరస్థాయిగా నిలవడం దాని ఫలాల్లో ఒకటి. 1986లో తన పేర ఏర్పరచిన షర్లీ ఫౌండేషన్‌ను ఆమె ఇందుకు భిన్నంగా నడిపింది. ఒక కొత్త పనిని గుర్తించడం, దానికి మొదటి పెట్టుబడి పెట్టడం, కాళ్ళమీద నిలబడేదాకా స్వయంగా కూర్చుని చూసుకోవడం, నిలబడ్డాక పాలకవర్గం నుంచి తాను తప్పుకోవడం ఆమె పద్ధతి. కంపెనీని హిలరీ క్రాపర్‌కూ ఉద్యోగులకూ అప్పజెప్పినప్పుడు చేసినదీ అక్షరాలా ఇదే. తాను లేకుండా నడవలేని సంస్థను ఆమె పూర్తయిన సంస్థగా లెక్కించలేదు. నేటి అవసరాలకు నేటి ధనం అన్న ఈ మార్గంలో నిధి ఎప్పుడో ఒకప్పుడు అడుగంటక తప్పదు. 2018లో మిగిలినదంతా ఆటిస్టికాకు ఇచ్చివేసి షర్లీ ఫౌండేషన్‌ను ఆమె స్వయంగా మూసివేసింది. 2025 ఆగస్టు 9న, తొంభై రెండో పుట్టినరోజుకు కొన్ని వారాల ముందు, ఆమె కన్నుమూసింది. ఆటిజం కోసం ఆమె కట్టిన కింగ్‌వుడ్, ప్రయర్స్ కోర్ట్, ఆటిస్టికా మూడూ నడుస్తున్నాయి. ఆ మూడింటిలో దేని పేరులోనూ వేరా గాని, స్టెఫనీ గాని, స్టీవ్ గాని లేదు.